జప్తు నోటీసు తెలుగులో ఇవ్వండి

సంపాదకులకు నమస్కారం.

సహకార బ్యాంకు జప్తుకు వస్తే కేసు వేసిన రైతును ‘బాకీ ఎగ్గొట్టడానికే కోర్టుకెక్కిండు’ అని ఊళ్లలో తేలిగ్గా అనేస్తున్నారు. ఇది అన్యాయమైన మాట.

మా పక్క ఊరి రైతు ఒకాయన బత్తాయి తోట ఉన్న పట్టా భూమిని తనఖా పెట్టి అప్పు తీసుకున్నారు. బోర్లు ఎండి సగం తోట పోయింది, కిస్తీలు ఆగాయి. నోటీసు వచ్చింది. నాలుగు పేజీలూ ఇంగ్లీషే. మెడికల్ షాపు పిల్లగానితో చదివిస్తే ఎంత కట్టాలో తెలిసింది తప్ప, అభ్యంతరం చెప్పుకోవచ్చన్న సంగతి తెలియలేదు. నాయకుల ఇళ్ల చుట్టూ తిరిగేసరికి గడువు అయిపోయింది. ఆ తర్వాత స్వాధీన ప్రకటన మాత్రం పేపర్లో చక్కటి తెలుగులో పడింది. స్థానిక భాషా పత్రికలో వేయాలని నిబంధన ఉంది మరి! అప్పు తీసుకున్న మనిషికి అర్థం కాని విషయం ఊరందరికీ అర్థమైంది. ఆ టెన్షన్‌తో ఆయన ఇల్లు దాటి బయటికి రాలేదు.

కోర్టుకు పోకుండానే తనఖా ఆస్తిని స్వాధీనం చేసుకునే అధికారం బ్యాంకుకు ఇచ్చేది సర్ఫేసీ చట్టం. సహకార బ్యాంకులకూ అది వర్తిస్తుందని 2020 మేలో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం తేల్చింది. దాంతో నాకు పేచీ లేదు. బ్యాంకులో ఉన్నవి తోటి సభ్యుల డబ్బులే, అప్పు వసూలు కావాల్సిందే. కానీ అదే చట్టం బాకీదారుకూ దారి చూపింది. నోటీసు తర్వాత 60 రోజుల గడువు ఉంటుంది. ఈలోగా అభ్యంతరం రాసిస్తే, దాన్ని ఒప్పుకోని బ్యాంకు 15 రోజుల్లో కారణాలు చెప్పాలి. స్వాధీనానికి దిగితే 45 రోజుల్లోపు బ్యాంకు బాకీల కేసులు చూసే డెట్ రికవరీ ట్రిబ్యునల్‌కు వెళ్లొచ్చు. అక్కడ కేసు వేయడానికి బాకీలో కొంత ముందే కట్టాలన్న షరతు లేదు. ఇది తెలియక చాలామంది ముందు సివిల్ కోర్టుకో, హైకోర్టుకో పోయి వెనక్కి వస్తున్నారు.

అన్నిటికన్నా ముఖ్యం, సాగు భూమికి ఈ చట్టం వర్తించదు. సెక్షన్ 31లో ఆ మాట స్పష్టంగా ఉంది. అయితే కాగితాల్లో వ్యవసాయ భూమి అని ఉంటే సరిపోదు, నిజంగా సాగవుతోందని బాకీదారే రుజువు చేయాలని మన రాష్ట్రం నుంచి వెళ్లిన కేసులో 2023లో సుప్రీంకోర్టు చెప్పింది. అందుకే పంట అమ్మిన తక్‌పట్టీలు, ఎరువుల బిల్లులు పారేయకండి. పైన చెప్పిన రైతు ఆలస్యంగానైనా ట్రిబ్యునల్‌కు వెళ్లారు. ఆయన చేతిలో ఇప్పుడున్న బలం బత్తాయి అమ్మిన ఆ చీటీలే. కేసు ఇంకా నడుస్తోంది. వాయిదాకల్లా హైదరాబాద్ పోయి రావాలి, ఆ ఖర్చు వేరే.

సహకార శాఖ అధికారులను నేను అడిగేది ఒక్కటే. నల్లగొండ, మహబూబ్‌నగర్ జిల్లాల్లో సహకార బ్యాంకులు పంపే మొదటి నోటీసుకే తెలుగు ప్రతి జతచేయాలని ఆదేశించండి. అభ్యంతరం ఎవరికి, ఎన్ని రోజుల్లో ఇవ్వాలో, ట్రిబ్యునల్ ఎక్కడుందో అందులో రాయించండి. జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఫోన్ నంబరు కూడా అచ్చు వేయించండి. మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా అక్కడ ఉచితంగా వకీలును పెడతారు. ఈ సంగతి అవసరమైన వాళ్లకు తెలిసేది ఆ నోటీసు మీద ఉంటేనే.

ఇట్లు,
ఒక రైతు బిడ్డ,
హాలియా, నల్లగొండ జిల్లా