రమణమూర్తి గారి గిరీశం టేపుల్లోనే చెరిగిపోకూడదు

సంపాదకులకు నమస్కారం.

ఈ మధ్య ఒక టీవీ చానల్‌లో ‘మరో చరిత్ర’ వేశారు. పేర్లు పడే భాగాన్ని సగంలోనే కోసేశారు. జె.వి. రమణమూర్తి గారు తెర మీదికి రాగానే మా ఇంటికి వచ్చిన కుర్రవాడు ‘ఈయన శంకరాభరణం సోమయాజులు గారి తమ్ముడు కదండీ?’ అన్నాడు గానీ పేరు చెప్పలేకపోయాడు. విజయనగరంలో పుట్టి పెరిగిన పిల్లవాడికి ఆ పేరు తెలియకపోవడం నా మనసును కలచివేసింది.

శ్రీకాకుళం జిల్లా లుకలాం అగ్రహారంతో అనుబంధం ఉన్న కుటుంబంలో 1933లో పుట్టిన రమణమూర్తి గారు 1957లో కె.బి. తిలక్ తీసిన ‘ఎమ్మెల్యే’ చిత్రంతో తెరకు వచ్చారు. 1980లో ‘శంకరాభరణం’తో అన్నగారి పేరు దేశమంతటా మారుమోగే నాటికి తమ్ముడు సినిమాల్లో అడుగుపెట్టి 23 ఏళ్లు గడిచాయి. ఆ తరువాత కూడా ‘ఆకలి రాజ్యం’ వంటి చిత్రాల్లో గుణచిత్ర పాత్రలు వేస్తూనే వచ్చారు. 2016 జూన్‌లో ఆయన కన్నుమూశారు.

అయితే ఆయన అసలు జీవితం రంగస్థలం మీద గడిచింది. 1892లో మొదటిసారి మన విజయనగరంలోనే ప్రదర్శితమైన గురజాడ వారి ‘కన్యాశుల్కం’లో ఆయన నాలుగు దశాబ్దాలకు పైగా గిరీశం వేశారు; సోమయాజులు గారు రామప్పపంతులు వేసేవారు. పూర్తిగా ఆడితే రాత్రంతా పట్టే నాటకాన్ని ఒక పూట ప్రదర్శనకు సరిపడేలా కుదించుకుని, ఊరూరా తిరిగి ఆడారు. నాటకం పుస్తకంగా మనకు దక్కింది, ఎప్పుడు కావాలన్నా కొని చదువుకోవచ్చు. కానీ వెంకటేశాన్ని బుట్టలో వేసుకునేటప్పుడు గిరీశం గొంతు ఎక్కడ మెత్తబడాలో, కోతలు కోసేటప్పుడు ఏ మాట దగ్గర ఒక్క క్షణం ఆగాలో, మన యాస సాగదీత ఏ అక్షరం మీద పడాలో అచ్చులోకి రాదు. అది ఆయన నోటిలో ఉండేది. సినిమాల్లో మన ఉత్తరాంధ్ర మాటను నవ్వులాటకే వాడుకోవడం చూసి చూసి విసిగిన నాబోటి వారికి, అదే మాటను అంత తెలివితో, అంత ఠీవితో పలికిన మనిషి విలువ ఎంతటిదో వేరే చెప్పనక్కరలేదు.

ఆ గొంతు కొంత ఇళ్లలోనే ఉంది. ప్రదర్శనలకు టేపురికార్డర్లు పట్టుకెళ్లిన వారు, వీడియో తీయించిన వారు మన విజయనగరం, శ్రీకాకుళం జిల్లాల్లోనూ ఉన్నారు. మా నాన్నగారు రికార్డు చేసిన 90 నిమిషాల క్యాసెట్ ఒకటి మా బీరువాలో ఉంది. మన తీరప్రాంతపు చెమ్మకు టేపుపై బూజు పట్టి, రెండో వైపు మాటలు ఇప్పటికే సగం వినబడడం లేదు. ఆయనతో కలిసి వేషాలు కట్టిన వారిలో మిగిలిన కొద్దిమందీ వృద్ధులే. వారిని కూర్చోబెట్టి, ఏ సన్నివేశం ఎలా నడిచేదో చెప్పించి రికార్డు చేయడానికి పెద్ద ఖర్చేమీ కాదు.

కాబట్టి జిల్లా యంత్రాంగాన్నీ, గ్రంథాలయ సంస్థనూ నేను కోరేది ఒక్కటే. టేపులు, కరపత్రాలు, ఫొటోలు ఉన్నవారి నుంచి తీసుకుని, నకళ్లు చేసి అసలువి తిరిగి ఇచ్చేయండి. ఆ నకళ్లను విజయనగరంలోని గురజాడ స్వగృహంలో ఎవరైనా కూర్చుని వినేలా పెట్టండి. 2028లో సోమయాజులు గారి శతజయంతి, 2033లో రమణమూర్తి గారిది. మొదటిదానికే ఈ పని పూర్తి కావాలి.

మా క్యాసెట్‌ను, దానితోపాటు దాచుకున్న పాత కరపత్రాన్ని ఎవరు అడిగినా ఆ రోజే తెచ్చి ఇస్తాను.

భవదీయుడు,
ఒక పాఠకుడు, విజయనగరం