సస్పెన్షన్ కాలం సంగతి ఉత్తర్వులోనే తేల్చండి

సంపాదకులకు,

సస్పెన్షన్ ఎత్తేసి ప్రభుత్వ ఉద్యోగిని విధుల్లోకి తీసుకునే ఉత్తర్వుల్లో చాలాసార్లు అసలు మాటే ఉండదు: ఆ కాలం డ్యూటీయా, కాదా? ప్రభుత్వ ఉద్యోగుల సర్వీసు నిబంధనల్లోని ఫండమెంటల్ రూల్ 54-బి ప్రకారం అది తేల్చాల్సింది తిరిగి తీసుకునే అధికారే. పూర్తి జీతం ఇవ్వదలచుకోకపోతే ముందు నోటీసివ్వాలి. జవాబుకు గడువు 60 రోజులు మించరాదు. డ్యూటీ కాదంటే ఇంక్రిమెంట్ వెనక్కి జరుగుతుంది, పెన్షన్ సర్వీసుకూ గండి పడవచ్చు. అలాంటప్పుడు ఉద్యోగి కోరితే, ఆ కాలాన్ని నిల్వ ఉన్న సెలవుగా మార్చవచ్చు. పాపం, ఈ వెసులుబాటు తెలియక అడగనివారే ఎక్కువ. ఆ కాలానికి రావలసిన జీతం బకాయిల్లోంచి, సస్పెన్షన్‌లో ఉండగా అప్పటికే తీసుకున్న జీవనాధార భత్యం మినహాయిస్తారు. ఉత్తర్వు నంబరు, తేదీ సర్వీసు రిజిస్టరుకు ఎక్కకపోతే రిటైర్మెంటప్పుడు పెన్షన్ కాగితాలు అక్కడే ఆగుతాయి. గుంటూరు, విజయవాడ కార్యాలయాల అధికారులు విధుల్లోకి తిరిగి తీసుకునే ఉత్తర్వులోనే ఇది స్పష్టంగా రాయాలి.

– ఒక పాఠకుడు, బ్రాడీపేట, గుంటూరు