అల్లుడి సినిమా పిచ్చి గురించి బావకి

నెల్లూరు

ఒరేయ్ బావా,

నీ కొడుకు, అదే మా అల్లుడు, బీటెక్ అయిపోయాక ఉద్యోగం సంగతి వదిలేసి ‘ప్రొడ్యూసర్ని అవుతా’ అని కూర్చున్నాడని నువ్వు ఫోన్లో మొత్తుకుంటుంటే నాకు నవ్వాగలేదు. నవ్వానని కోపమొచ్చి ఫోన్ పెట్టేశావు. సర్లే, ఫోన్లో అయితే నువ్వు నన్ను ఒక్క మాటా పూర్తి చెయ్యనివ్వవు. అందుకే తీరిగ్గా రాస్తున్నా. చెల్లెమ్మకి కూడా చదివి వినిపించు. కనిగిరి దగ్గర పొలం అమ్మమని వాడు ముందు అడిగింది ఆమెనే అని నాకు తెలిసింది.

పొలం అమ్మొద్దు. వాడిని ఆపొద్దు కూడా.

నువ్వనుకునే ప్రొడ్యూసర్ వేరు. సూట్‌కేసుతో దిగి, డబ్బు పెట్టి, హీరో పక్కన ఫొటో దిగేవాడు. డబ్బు పెట్టేవాణ్ణి ఫైనాన్షియర్ అంటారు, వాడికి నెలనెలా వడ్డీ వస్తే చాలు. ప్రొడ్యూసర్ పని కథనీ పాటనీ మనుషుల్నీ ఒకచోట చేర్చి, బొమ్మ పూర్తయ్యేదాకా లాక్కొచ్చి, చివరికి దాని హక్కులు తన బీరువాలో ఉండేలా చూసుకోవడం. నన్నడిగితే ఆ ఆఖరుదే అసలు పని. మిగతాదంతా జీతానికి ఎవరైనా చేసిపెడతారు.

మీ జిల్లా మనిషినే చూడు. కారంచేడు ఇప్పుడు బాపట్ల జిల్లాలోకి పోయింది గానీ 2022 దాకా మీ ప్రకాశమే కదా. నిర్మాత రామానాయుడు గారు మద్రాసు పోయి 1963లో ‘అనురాగం’కి భాగస్వామిగా చేరారు. మరుసటేడే పెద్దకొడుకు పేరు మీద సురేష్ ప్రొడక్షన్స్ పెట్టి ‘రాముడు భీముడు’ తీశారు. అందరూ చెప్పుకునేది ఆ హిట్టు గురించే. నేను మాత్రం 1971 ‘ప్రేమనగర్’ దగ్గర ఆగుతా. దెబ్బ మీద దెబ్బ తిని, ఇది కూడా పోతే ఊరికెళ్ళి వ్యవసాయం చేసుకుందామనుకున్న రోజులవి. అది ఆడింది. ఆడాక ఊరుకున్నారా? 1972లో శివాజీ గణేశన్‌తో తమిళంలో, 1974లో రాజేష్ ఖన్నాతో హిందీలో మళ్ళీ తీశారు. కథ చేతిలో ఉంది కాబట్టి తియ్యగలిగారు. ఎక్కువ సినిమాలు తీసినందుకు ఆయనకొచ్చిన గిన్నిస్ రికార్డు సంగతి అల్లుడికి తెలిసే ఉంటుంది, ఈ సంగతి మాత్రం నువ్వు చెప్పు.

మా నెల్లూరోళ్ళు తక్కువ తిన్నారా? ఎమ్మెస్ రెడ్డి గారు, మల్లెమాల అని పద్యాలు రాసుకునే మనిషి, అందరూ పిల్లలతోనే ‘రామాయణం’ తీశారు. 1997లో వచ్చింది, బాలల చిత్రంగా జాతీయ అవార్డు తెచ్చుకుంది. వానర వేషాలేసుకున్న అంతమంది పిల్లలకి వేళకి అన్నం పెట్టించడం ఎంత పనో ఎవరూ రాయరు. నాకైతే అవార్డు అందుకే ఇచ్చుంటారనిపిస్తుంది.

నాది ఆ స్థాయి కాదులే. పెళ్ళి వీడియోల నుంచి మ్యూజిక్ వీడియోలకొచ్చినోణ్ణి. మొన్న మైపాడు బీచ్‌లో ఒక జానపదం తీశాం. మనది తూర్పు తీరం కాబట్టి సూర్యుడు నీళ్ళలోంచి లేస్తాడు, ఆ వెలుతురు ఉండేది కాసేపే. తొమ్మిదయ్యేసరికి ఇసక తెల్లగా మండిపోతుంది, అమ్మాయి కళ్ళు తెరవలేదు, ముక్కు కింద, కళ్ళ కింద నల్లటి నీడలు. వెలుతురు మళ్ళించడానికి థర్మాకోల్ షీట్లు పట్టుకుంటే గాలికి చేతుల్లో నిలవవు. అందుకని తెల్లారుజామున మూడున్నరకే యూనిట్ నెల్లూర్లో బండెక్కాలి. ఆ వేళకి ఏ హోటలూ తెరవదు, ముందురోజే ఒక మెస్ ఆయనకి అడ్వాన్సిచ్చి ఇడ్లీలు చెప్పుకోవాలి. ఇడ్లీ ఆలస్యమైతే డాన్సర్ల మొహాలు మారతాయి. మొహాలు మారితే కెమెరాకి తెలిసిపోతుంది. డైరెక్టర్ సూర్యుడి కోసం చూస్తుంటే నేను ఇడ్లీల ఆటో కోసం చూస్తుంటా.

ఒక తమాషా చెప్తా. స్లో మోషన్లో పెదాలు పాటకి కలవాలంటే కెమెరాని సెకనుకి 48 ఫ్రేములకి పెట్టి, స్పీకర్లో పాటని రెట్టింపు వేగంతో వేస్తాం. కీచుగొంతుతో పాట పరిగెడుతుంటే ఆ అమ్మాయి ఉడుతలాగా ఎగురుతూ గబగబా పెదాలు కదిపింది. వలలు బాగుచేసుకుంటున్నవాళ్ళు పని ఆపి పడీ పడీ నవ్వారు. దాన్నే 24 ఫ్రేములకి తెచ్చి మానిటర్‌లో చూపిస్తే నోరెళ్ళబెట్టారు. ఓణీ నెమ్మదిగా గాల్లో తేలుతోంది, పెదాలు మాత్రం అక్షరం తప్పలేదు.

సరదా అక్కడిదాకానే. పాడినామె, రాసినాయన, బాణీ కట్టినాయన, ఆడినోళ్ళు, అందరి సంతకాలూ షూటింగ్‌కి ముందే నా ఫైల్లో ఉండాలి. కాపీరైట్ చట్టంలో తిరకాసులున్నాయి రా. హక్కులు రాసిచ్చిన కాగితంలో ఎన్నేళ్ళకో రాయకపోతే ఐదేళ్ళకే ఇచ్చినట్టు లెక్క. ఏ ప్రాంతానికో రాయకపోతే మన దేశం వరకే. మన పాటల్ని డల్లాస్‌లోనూ దుబాయ్‌లోనూ చూస్తుంటే ‘ప్రపంచమంతా’ అనే ఒక్క మాట లేక ఎంత పోతుందో లెక్కేసుకో. ఇంకోటి, 2012 సవరణ తర్వాత ‘మాకు రాయల్టీ వద్దు’ అని కవిగారితో, సంగీతం ఆయనతో సంతకం పెట్టించుకున్నా చెల్లదు. సమానంగా పంచాల్సిందే. సినిమాతో పాటు హాల్లో ఆడే పాట సంగతి ఒక్కటే వేరు. ఇది మంచి రూలే. పాట రాసి పస్తులున్నవాళ్ళని చూశాం మనం.

ఆ జానపదం యూట్యూబ్‌లో పెట్టిన వారంలోనే ఒక ఆడియో కంపెనీ, పేరెందుకులే, మా పాట తమదని క్లెయిమ్ కొట్టింది. నాట్లప్పుడు ఆడోళ్ళు పాడుకునే పాట అది, ఎవరి సొత్తూ కాదు. కాకపోతే వాళ్ళూ ఎప్పుడో దాన్ని రికార్డు చేసి పెట్టుకున్నారు, పాటల్ని పోల్చి చూసే యూట్యూబ్ మెషిన్‌కి రెండూ ఒకటే అనిపించాయి. వాళ్ళ రికార్డింగ్ వాళ్ళది, మా రికార్డింగ్ మాది. స్టూడియో బిల్లు, డప్పు వాయించినోళ్ళ సంతకాలు, పాడినామె అగ్రిమెంటు ముందేసుకుని, ఆ క్లెయిమ్ తప్పని యూట్యూబ్‌లో డిస్ప్యూట్ పెట్టా. అవతలివాళ్ళకి 30 రోజుల గడువు. అన్నాళ్ళూ ఆదాయం యూట్యూబ్ దగ్గరే ఆగిపోయింది, నాకు టెన్షన్‌తో నిద్ర లేదు, మీ చెల్లెలికి నా సణుగుడుతో నిద్ర లేదు. చివరికి వదిలేశారు, డబ్బూ వచ్చింది.

సినిమా కూడా ఒకటి తీశాగా, చిన్నది. పంపిణీలో నైజాం (తెలంగాణ), సీడెడ్ (రాయలసీమ), గుంటూరు, కృష్ణా అంటూ ఏరియాలుంటాయి, నెల్లూరు వేరే ఏరియా. కలెక్షన్ల పట్టికలో చాలాసార్లు అట్టడుగున చిన్న అంకె మాదే. కొత్తవాళ్ళ బొమ్మని ఔట్‌రైట్‌గా, అంటే మొత్తం డబ్బిచ్చి, ఎవరూ కొనరు, మినిమం గ్యారంటీ, అంటే ఆడినా ఆడకపోయినా ఇంత ఇస్తామనే మాటెత్తితే టీ తాగించి పంపిస్తారు. వచ్చినదాంట్లో కమిషన్ తీసుకుని ఆడిస్తామంటారు, పోస్టర్లూ హాల్లో బొమ్మ వెయ్యడానికి డిజిటల్ ఛార్జీలూ మన నెత్తినే.

అందులో బండలాగుడు పందెం సీనుకి ఒంగోలు గిత్తల జత కావాలన్నాడు డైరెక్టర్. సినిమాలో జంతువుంటే జంతు సంక్షేమ మండలి కాగితం లేనిదే సెన్సార్ దగ్గర పని జరగదు. ఆ ఆఫీసు ఒకప్పుడు మద్రాసులో ఉండేది, ఇప్పుడు హర్యానాలో బల్లభ్‌గఢ్‌లో ఉంది. ఒంగోలు గిత్త ఒంగోల్లో నడవడానికి హర్యానా అనుమతి! అయినా తెప్పించా. తీరా చూస్తే గిత్తల ఆసామి ఎండెక్కాక కాడి కట్టనివ్వనన్నాడు. డైరెక్టర్ బతిమాలాడు, అరిచాడు, ఆయన వినలేదు. మర్నాడు పొద్దున్నే తీశాం, ఆయనదే న్యాయం.

అల్లుణ్ణి సంక్రాంతి అయ్యాక నా దగ్గరికి పంపు. జీతమని పెద్దగా ఇవ్వలేను, బేటా (రోజువారీ ఖర్చులకి డబ్బు) ఇస్తా, ఉండటానికి మా మేడమీద గది ఉంది. కెమెరా జోలికి మాత్రం పోనివ్వను. వోచర్లు రాయాలి, సంతకాలు సేకరించాలి, రాత్రి పదకొండింటికి జనరేటర్ వ్యాన్ డ్రైవరుతో డీజిల్ లెక్క తేల్చుకోవాలి. అది తేల్చుకుని కూడా మర్నాడు మూడున్నరకి లేచొస్తే, అప్పుడు వాడి భవిష్యత్తు గురించి నువ్వూ నేనూ మాట్లాడుకుందాం. రెండు వారాల్లో పారిపోయొచ్చినా తిట్టకు, పొలమైతే మిగిలింది కదా.

నిజం చెప్పాలంటే ఈ పనికి మీ పెద్దదే సరిపోతుంది. చిన్నప్పుడు మనం చీటీల డబ్బు లెక్కపెడుతుంటే తప్పులు పట్టింది అదేగా, ఇప్పుడు లా కూడా చదివింది. ఈ మాట దాని చెవిన వెయ్యకు. ఉన్న ఉద్యోగం మానేసి వచ్చిందంటే చెల్లెమ్మ నన్ను మీ గడప తొక్కనివ్వదు.

ఇట్లు,
నీ బావ