బొమ్మలు గీసే ముందు స్లాబు చూడండి

సంపాదకుల గారికి,

పాడుబడ్డ భవనాలను ఆక్రమించి గ్రంథాలయాలుగా, నాటకశాలలుగా మార్చే ఉద్యమాల గురించి ఏం రాసినా గోడల మీది బొమ్మల దగ్గరే ఆగిపోతున్నారు. 1993లో స్లొవేనియా రాజధాని ల్యుబ్ల్యానాలో కూల్చివేత మొదలైన సైనిక బ్యారక్‌లలోకి కళాకారులు జొరబడి మెటెల్కోవా అనే ఆ ఆవరణను దక్కించుకున్నారు. మెచ్చుకోవాల్సిందే. 2016లో అమెరికాలోని ఓక్లాండ్‌లో కళాకారులు కాపురమున్న ‘గోస్ట్ షిప్’ గోదాము తగలబడి 36 మంది పోయిన సంగతీ దాని పక్కనే రాయాలి. పై అంతస్తు నుంచి దిగే మెట్లలో ఒకటి సరుకు మోసే చెక్క పలకల (ప్యాలెట్ల)తో పేర్చింది, మంటల మీద నీళ్లు చిమ్మే స్ప్రింక్లర్లు లేవు.

ముందు స్లాబు అడుగుభాగం చూడాలి. తుప్పు మరకలు, ఊడిన పెచ్చులు, బయటపడ్డ ఇనుము ఉంటే ఆ గది మూసేయాలి. తుప్పు ఉబ్బి కాంక్రీటును లోపలి నుంచే పగలగొడుతుంది. పైపైన సిమెంటు పూసి రంగేస్తే జబ్బు దాగుతుంది, తగ్గదు. సుత్తితో తట్టినప్పుడు బోలు శబ్దం వస్తే అక్కడ పొర విడిపోయినట్టే.

అందరూ ముచ్చటపడే మిద్దెతోటతోనే నాకు భయం. పది సెంటీమీటర్ల మందాన తడిమట్టి చదరపు మీటరుకు 160–180 కిలోలు తూగుతుంది. మనుషులు తిరిగే మామూలు డాబాను తరచుగా 150 కిలోలకే లెక్కగడతారు, అదీ కొత్తగా ఉన్నప్పటి మాట. తొట్లు పెట్టి తీరాలంటే స్లాబు నడిమధ్య వద్దు, కింద గోడో దూలమో ఉన్న వరసలోనే పెట్టాలి.

పాత వైరింగుకు కరెంటు ఇవ్వకూడదు. తొడుగు పెళుసెక్కి ఉంటుంది, ఎలుకలు కొరికి ఉంటాయి. దాన్ని మెయిన్ దగ్గరే విడదీసి, పైకి కనిపించేలా కొత్త లైను లాగి, ఎంసీబీతో (లోడు మించితే కరెంటు ఆపే స్విచ్) పాటు 30 మిల్లీ ఆంపియర్ల ఆర్‌సీసీబీ (కరెంటు లీకైతే ఆపే స్విచ్) పెట్టాలి. ఎంసీబీ కాపాడేది వైరును. మనిషిని కాపాడేది రెండోది. ఆస్‌బెస్టాస్ రేకులకు చిల్లులు వేయొద్దు. బాత్రూము కంపు కొడితే పైపు పగిలిందని తవ్వకండి. చాలాసార్లు ట్రాప్‌లో (కంపు పైకి రాకుండా నీళ్లు నిలిచే పైపు వంపు) నీళ్లు ఎండిపోయి ఉంటాయి, బకెట్ నీళ్లు పోస్తే చాలు.

హాలు ఎంత పెద్దదైనా, దూరదూరంగా రెండు దారులు, బయటికి తెరుచుకునే తలుపులు లేనిదే సభ పెట్టకూడదు.

చేతికి హక్కు వచ్చినా పని తీరదు. న్యూయార్క్‌లో ‘ఏబీసీ నో రియో’ అనే కళాకారుల బృందానికి నగరపాలక సంస్థ 2006లో వాళ్లున్న భవనాన్ని ఒక్క డాలరుకు అమ్మింది. శిథిలమైన ఆ కట్టడాన్ని చివరికి 2017లో కూల్చేశారు. యజమానితో కాగితం రాసుకునే రోజే కప్పు, దూలాల మరమ్మతు ఖర్చు ఎవరిదో, ఖాళీ చేయమంటే ఎన్ని నెలల గడువో అందులో తేల్చుకోవాలి.

– ఒక స్ట్రక్చరల్ ఇంజినీరు