నటి గీసిన బొమ్మలకు మన గ్యాలరీలో గోడ ఇవ్వండి

గౌరవనీయులైన తెలంగాణ సాంస్కృతిక శాఖ మంత్రి గారికి నమస్కారాలు.

మాదాపూర్ స్టేట్ ఆర్ట్ గ్యాలరీలో హిందీ సినిమా నటి, చిత్రకారిణి దీప్తి నావల్ గారి చిత్రాలు, ఫొటోలతో ఒక పెద్ద ప్రదర్శన పెట్టించండి. నేను నాటకాలు వేస్తాను, బొమ్మలూ వేస్తాను. అందుకే ఈ ఉత్తరం.

మనలో చాలామందికి ఆమె 1981 నాటి 'చష్మే బద్దూర్'లో సబ్బుపొడి అమ్ముకుంటూ తలుపు తట్టిన అమ్మాయిగానే గుర్తు. సినిమాల్లోకి రాకముందే ఆమె న్యూయార్క్‌లోని హంటర్ కాలేజీలో చిత్రకళ చదువుకున్నారు. పేరొచ్చాక కాలక్షేపానికి కుంచె పట్టిన మనిషి కాదు. నటిస్తూనే బొమ్మలు వేశారు, లదాఖ్ కొండల్లో కెమెరా పట్టుకుని తిరిగారు, కవిత్వం రాశారు, 2022లో తన అమృత్‌సర్ బాల్యాన్ని పుస్తకంగా తెచ్చారు. 1978లో 'జునూన్' సినిమాలో ఆమెకు వేషమిచ్చిన దర్శకుడు శ్యామ్ బెనెగల్ గారు మన సికింద్రాబాద్ తిరుమలగిరిలో పుట్టినవారే. మన ఊరికి ఆ చుట్టరికం ఉంది.

నటిస్తూ బొమ్మలు కూడా వేసే ఆడవాళ్లకు ఏం ఎదురవుతుందో ఒక్క సంగతి చెబుతాను. నగరంలో ఒకచోట నా చిత్రాలు పెట్టినప్పుడు ఫ్లెక్సీ మీద నా ముఖం నిలువెత్తున వేసి, బొమ్మను మూలన అగ్గిపెట్టెంత వేశారు. వచ్చినవాళ్లు సెల్ఫీలు దిగారు, ఏ సీరియల్‌లో చేశారని అడిగారు. ఎదురుగా ఉన్న కాన్వాస్ మీద నీలం పూసి, దాని మీద ఎర్రమట్టి రంగు వేసి, మళ్లీ కత్తితో ఎందుకు గీకానో ఒక్కరూ అడగలేదు. ఇటు నాటకం వాళ్లేమో రిహార్సల్‌కి కాస్త ఆలస్యమైతే చాలు, 'బొమ్మల పిచ్చి పట్టింది' అంటారు. రెండు ఇళ్లలోనూ చుట్టాన్నే!

1885లో మొదలైన సురభి నాటక కుటుంబాలకు ఈ పట్టింపు లేదు. వేషం కట్టేవాళ్లే తెరల పనీ, సెట్టింగుల పనీ చూసుకున్నారు. అలాంటి నాటక సంప్రదాయం ఉన్నచోట నటి బొమ్మలు గీస్తే వింతగా చూడటం నాకు నిజంగా బాధ కలిగిస్తోంది.

ప్రదర్శన పెడితే సినిమా స్టిల్స్ మాత్రం వద్దండీ. ప్రతి చిత్రం పక్కన అది ఏ ఏడాది వేసింది, ఏ రంగులతో వేసింది తెలుగులో రాయించండి. మాసబ్ ట్యాంక్‌లో ఫైన్ ఆర్ట్స్ చదివే పిల్లల్నీ, గచ్చిబౌలి సెంట్రల్ యూనివర్సిటీలో రంగస్థల కళలు చదివే పిల్లల్నీ ఒకే రోజు పిలిచి, ఆమెతో తీరిగ్గా మాట్లాడనివ్వండి. పక్క హాలు, బొమ్మలు వేసే మన తెలుగు రంగస్థల నటీమణులకు ఇవ్వండి. ఎంపిక మాత్రం చిత్రకారులే చెయ్యాలి, పేర్లు చూడకుండా.

తేదీ ఖరారైతే బొమ్మలు తగిలించే పనికి నేనూ, నా తోటి నటీమణులూ వస్తాం. మాకు కూలీ అక్కర్లేదు.

ఇట్లు,
ఒక రంగస్థల నటి, చిత్రకారిణి
హైదరాబాద్