1943 పట్టిక కింద ఒక గమనిక కావాలి

సంపాదకులకు నమస్కారం.

అమెరికా కాలేజీ ఫుట్‌బాల్ మీద మీ ఆదివారం క్రీడా పేజీలో వచ్చిన వ్యాసంలో 1943 సీజన్ పట్టిక చూశాం. ఒక మ్యాచ్ ఓడిన నోటర్ డేమ్‌కి మొదటి ర్యాంకు ఇచ్చి, తొమ్మిదికి తొమ్మిదీ గెలిచిన పర్డ్యూని అయిదో స్థానంలో కూర్చోబెట్టడం అన్యాయమని వ్యాసకర్త తేల్చేశారు. అంకెలు సరిగ్గానే అచ్చయ్యాయి. కానీ ఆ ఏడాది అంకెల్ని మామూలు ఏడాది అంకెల్లా చదివితే పప్పులో కాలేసినట్టే. (ఇది మన ఫుట్‌బాల్ కాదని, కోలగా ఉండే బంతిని చేత్తో పట్టుకుని పరిగెత్తే ఆట అని ఒక్క ముక్క రాసి ఉంటే కొత్త పాఠకులు తికమక పడేవారు కాదు.)

ఆ సీజన్‌కి తాళంచెవి వి-12. అమెరికా నౌకాదళం 1943 జూలై 1న 131 కాలేజీల్లో మొదలుపెట్టిన అధికారుల శిక్షణ అది. మెరీన్లు (నౌకాదళంతో కలిసి పనిచేసే పోరాట దళం) కూడా ఇందులోనే ఉన్నారు. కుర్రాళ్లకు యూనిఫాం, నెలకు 50 డాలర్ల జీతం. నాలుగేసి నెలల టర్ములు ఏడాదికి మూడు. టర్ముకు 17 క్రెడిట్ల చదువు, పైన వారానికి తొమ్మిదిన్నర గంటల వ్యాయామం. ఇవన్నీ అయ్యాక ఓపిక మిగిలితే కాలేజీ జట్టులో ఆడుకోవచ్చని నౌకాదళం ఒప్పుకుంది. సైన్యం కూడా కాలేజీల్లో ఇలాంటి శిక్షణే నడిపింది కానీ, తన కుర్రాళ్లను కాలేజీ జట్ల దరిదాపులకు రానివ్వలేదు. కాబట్టి 1943లో ఒక జట్టు బతుకు కోచ్ చేతిలో కంటే, ఆ కాలేజీకి ఏ దళం వచ్చిందన్న దానిమీదే ఎక్కువగా ఆధారపడింది. అలబామా, టెనెసీ, ఆబర్న్, స్టాన్‌ఫర్డ్ లాంటివి ఆ ఏడు జట్టునే దింపలేదు.

ఇంకో మెలిక ఉంది. ఆ కాలంలో మామూలుగా కాలేజీ మారినవాడు ఒక ఏడాది గట్టున కూర్చోవాల్సి వచ్చేది. మొదటి ఏడాది విద్యార్థిని ప్రధాన జట్టులోకి తీసుకునేవారు కాదు. యుద్ధంలో ఈ రెండు నిబంధనలూ సడలించారు. దాంతో నౌకాదళం ఎవరిని ఎక్కడికి పంపితే వాళ్లు అక్కడే, ఆ ఏడే ఆడేశారు. విస్కాన్సిన్ మేటి ఆటగాడు ఎల్‌రాయ్ హిర్ష్ మెరీన్ శిక్షణకు మిషిగన్ వెళ్లాడు. 1942లో 8 గెలిచి, ఒకటి ఓడి, ఒకటి డ్రా చేసుకున్న విస్కాన్సిన్ 1943లో ఒక్కటి గెలిచి 9 ఓడింది. ఇల్లినాయ్ నుంచి టోనీ బుట్కోవిచ్, అలెక్స్ అగాసీ పర్డ్యూకి వచ్చారు. 1942లో ఒక్కటే గెలిచి 8 ఓడిన పర్డ్యూ, మరుసటి ఏడు తొమ్మిదీ గెలిచింది. 1944లో 5 గెలిచి 5 ఓడింది. మూడేళ్లలో కాలేజీ మారలేదు, మైదానం మారలేదు, మనుషులు మారారు. ఆ మూడు వరుసల్లో మధ్య వరుసను ఒక్కదాన్నే తీసి అచ్చేస్తే పాఠకుడికి ఏం అర్థమవుతుంది?

ఒహాయో స్టేట్‌ది తిరగబడ్డ కథ. పాల్ బ్రౌన్ కోచ్‌గా 1942లో దేశంలోనే మొదటి ర్యాంకు. ఆ కాలేజీకి వచ్చింది సైన్యం శిక్షణ. 1943లో సైన్యంలో చేరే వయసు రాని పదిహేడేళ్ల పిల్లల్ని పెట్టుకుని బ్రౌన్ మూడే గెలిచి ఆరు ఓడాడు. ఆ మూడింటిలో ఒకటి నవంబర్ 13న కొలంబస్‌లో ఇల్లినాయ్ మీద. స్కోరు 26-26. ఒహాయో స్టేట్ చివరి పాస్ ఎండ్ జోన్‌లో (గోల్ గీత అవతలి భాగంలో) నేలపాలైంది, గడియారం అయిపోయింది, డ్రా అనుకుని రెండు జట్లూ లోపలికి వెళ్లిపోయాయి, జనం ఇళ్లకు బయల్దేరారు. అప్పుడు తేలింది, ఆ ఆఖరి ఆటలో (బంతి కదిలి ఆగేదాకా సాగేది ఒక ఆట) ఇల్లినాయ్ ఆఫ్‌సైడ్, అంటే ముందే గీత దాటింది అని ఒక అధికారి జెండా వేశాడని. డిఫెన్స్ (బంతి చేతిలో లేని జట్టు) తప్పు మీద మ్యాచ్ ముగియడానికి వీల్లేదు, ఇంకో ఆట ఆడించాల్సిందే. పది నిమిషాలు దాటాక రెండు జట్లనూ డ్రెస్సింగ్ రూముల నుంచి వెనక్కి పిలిచారు. జాన్ స్టుంగిస్ అనే కుర్రాడు బంతిని గోల్ స్తంభాల మధ్య నుంచి తన్ని మూడు పాయింట్ల ఫీల్డ్ గోల్ కొట్టాడు, 29-26. పట్టికలో ఇది ఒక గెలుపు, అంతే.

ఇక ర్యాంకుల సంగతి. అవి విలేఖరులు ఓటేసి ఇచ్చినవి. నోటర్ డేమ్‌ని ఓడించింది కాలేజీ కాదు, షికాగో దగ్గరి గ్రేట్ లేక్స్ నౌకాదళ శిక్షణ కేంద్రం. ఆ ర్యాంకుల పట్టికలో సైనిక స్థావరాల జట్లు కూడా కాలేజీలతో కలిసే ఉంటాయి. రెండో ర్యాంకు అయోవా ప్రీ-ఫ్లైట్‌ది, అది పైలట్ల శిక్షణ శిబిరం. గ్రేట్ లేక్స్‌ని పర్డ్యూ సెప్టెంబర్‌లో 23-13తో ఓడించింది నిజమే, నవంబర్ చివర అదే గ్రేట్ లేక్స్ నోటర్ డేమ్‌ని 19-14తో ఓడించిందీ నిజమే. కానీ నావికులు వస్తూ పోతూ ఉండే స్థావరంలో సెప్టెంబర్ జట్టు, నవంబర్ జట్టు ఒకటే అనుకోవడానికి లేదు. నోటర్ డేమ్ మాత్రం మిషిగన్‌ని 35-12, నేవీని 33-6, ఆర్మీని (ఇవి నౌకాదళ, సైనిక అకాడెమీల జట్లు) 26-0, అయోవా ప్రీ-ఫ్లైట్‌ని 14-13తో ఓడించింది. వీటిలో చివరి రెండూ క్వార్టర్‌బ్యాక్ (పాసులు వేస్తూ ఆటను నడిపేవాడు) ఆంజెలో బెర్టెల్లీ ఆరు మ్యాచ్‌లు ఆడి మెరీన్ శిక్షణకు వెళ్లిపోయాక గెలిచినవే. ఆరింట్లో 36 పాసులు వేసి 25 అందించి 10 టచ్‌డౌన్లు (గోల్ గీత దాటించిన స్కోర్లు) ఇప్పించినవాడికి, దేశంలో మేటి కాలేజీ ఆటగాడికిచ్చే హైస్‌మన్ ట్రోఫీ ఆ ఏడు ఇచ్చారు. ఆయన స్థానంలోకి జానీ లూజాక్ వచ్చాడు. పర్డ్యూకీ అదే దెబ్బ తగిలింది: ఏడు మ్యాచ్‌ల తర్వాత బుట్కోవిచ్ వెళ్లిపోయాడు, చివరి రెండూ 14-7, 7-0తో బొటాబొటీగా బయటపడింది. ఇంత బలమైన ప్రత్యర్థుల వరుస పర్డ్యూకి లేదు. ఓటేసిన విలేఖరులు చూసింది అదే. మా లెక్కలో ఆ ఓట్లు సరైనవే.

మీకు మా విన్నపం చిన్నది. యుద్ధకాలపు పట్టిక వేసినప్పుడు కింద మూడు విషయాలు చిన్న అక్షరాల్లో అయినా వేయండి: ఆ కాలేజీలో నౌకాదళ శిక్షణ ఉందా, సైన్యానిదా, రెండూ లేవా; ఎవరు ఏ కాలేజీ నుంచి వచ్చారు; సీజన్ మధ్యలో ఎవరు ఏ మ్యాచ్ తర్వాత వెళ్లారు. రోజ్ బౌల్ (సీజన్ అయ్యాక జరిగే పెద్ద మ్యాచ్) లాంటి పోటీలకైతే నాలుగోది కూడా, ప్రయాణాల కట్టడి. 1944 జనవరిలో ఆ పోటీ యుఎస్‌సీ, వాషింగ్టన్ అనే రెండు పడమటి తీరపు జట్ల మధ్యే జరగడానికి కారణం అదే. మన దగ్గరా ఈ పద్ధతి పనికొస్తుంది. రెండో ప్రపంచ యుద్ధంలోనూ ఆగని రంజీ ట్రోఫీ 2020-21లో కోవిడ్ వల్ల జరగలేదు. ఆటగాళ్ల కెరీర్ పట్టికల్లో ఆ ఏడాది ఖాళీగా కనిపిస్తే, ఫామ్ పోయిందేమో అనుకునే పాఠకులు ఇంకో ఇరవై ఏళ్లకు తప్పకుండా ఉంటారు.

చివరగా ఒక సవరణ. బుట్కోవిచ్‌ని మీ వ్యాసం పర్డ్యూ ఆటగాడని మాత్రమే రాసింది. ఆయన అంతకుముందు ఇల్లినాయ్ జట్టులో ఆడాడు. 1943లో ఆ ఇల్లినాయ్‌ని పర్డ్యూ 40-21తో ఓడించినప్పుడు ఎదుటి పక్షాన ఉన్నాడు. 1945 ఏప్రిల్‌లో ఒకినావా యుద్ధంలో చనిపోయాడు. పేరు పక్కన రెండు కాలేజీలూ వేయగలరు.

ఇట్లు,
క్రీడా చరిత్ర చదివే కొందరు పాఠకులం,
హైదరాబాద్