గుజరాతీ గల్లీ చాచాకు

నిన్న రాత్రి పదకొండింటికి ఇల్లు చేరిన. ఒళ్లంత నొప్పులు, నిద్ర మాత్రం వస్తలేదు. అందుకే అవ్వ క్యాసెట్‌కు సాయం చేసినోళ్లందరికీ ఈ థాంక్స్ ఇప్పుడే రాస్తున్న.

అవ్వ పోయి నెల. సందూకల ఒక్క క్యాసెట్ దొరికింది, 60 నిమిషాలది. 1989ల బాపు దుబాయ్‌ల ఉండె. మా జగిత్యాల దిక్కు అప్పుడు ఉత్తరమంటే ఇదే. రాయరానోళ్లు టేప్‌రికార్డర్ ముందు కూసొని మాట్లాడి, సెలవుకొచ్చి పోయేటోళ్లకు ఇచ్చి పంపేది. అవ్వ పంపినవాట్ల బాపు మళ్ల ఎంబడి తెచ్చింది ఇదొక్కటే.

ముందు ఒక పెద్ద స్టూడియోల ఇచ్చిన. 1,500 తీసుకొని, రీలు తెంపి, "బూజు పట్టింది సార్, లోపల ఏం లేదు" అని కవర్ల పెట్టి ఇచ్చిన్రు. ఒక సర్కారు ఆఫీసుల అడిగితే, "జానపదాలుంటే తెండి, ఇంటి ముచ్చట్లు తీసుకోం" అన్నరు. గల్ఫ్ పైసలైతే లెక్కల రాసుకుంటరు, గొంతులు ఎవ్వరికీ అక్కర లేదు. పోనీ తియ్యి.

చివరికి హైదరాబాద్ కోఠిల, గుజరాతీ గల్లీల ఉన్న చాచా షాపుకు పోయిన. ఇద్దరు నిలబడితే మూడోవాడు బయటనే. అద్దాలు నుదుటి మీదికి ఎక్కించి ఐదు స్క్రూలు విప్పిన్రు. రీలును నొక్కిపట్టే చిన్న ఫెల్ట్ ముక్క ఊడి కింద పడి ఉంది. "గొంతు యాడికీ పోలే బేటా, రీలు మిషన్ల చదివే హెడ్డుకు తగుల్తలేదు, గంతే." తెగిన కొసలు బ్లేడుతో ఏటవాలుగ కోసి, వెనకదిక్కు సన్న టేపు అతికించి, రీలంత ఇంకో డబ్బాలకు మార్చిన్రు. నడుమ నమాజుకు పోయొచ్చిన్రు.

వేసినంక ముందుగాల కోడి కూత. తర్వాత అవ్వ: "ఇగో, పిల్లగాడు నీ అంగి తొడుక్కొని వాకిట్ల తిరుగుతుండు."

ఆ పిల్లగాడు నేనే. స్టూలు మీదనే ఏడ్చిన.

చాచా టేపు ఆపలే. తనూ షార్జాల ఆరేండ్లు చేసిన్రట. అమ్మీ పంపిన క్యాసెట్ల మీద సినిమా పాటలు ఎక్కించుకున్నరట. "కొత్తది కొనాలంటే పైసలేవి?" నా దగ్గర ఒక్క రూపాయి తీసుకోలే. క్యాసెట్ వీపునున్న రెండు ప్లాస్టిక్ రెక్కలు స్క్రూడ్రైవర్‌తో టక్కున విరిచి చేతుల పెట్టిన్రు. ఇగ మరిచిపోయి కూడ దాని మీద ఎవ్వరూ ఏం ఎక్కించలేరు.

తమ్ముడు, చెల్లె, మా ఇంటామె... మీకు వేరే చెప్పేదేముంది.

ఆఁ, కంప్యూటర్ల ఎక్కించి అందరికీ పంపిన బామ్మర్దిని మరిచిన. తన సౌండ్‌కార్డు ఇచ్చిన పైఇంటి పాపను కూడ. ఇంకా ఆ చాయ్ పిల్లగాడు, పేరు అడగనే లేదు, నేను ఏడుస్తుంటే చెప్పకముందే గ్లాసు తెచ్చి పక్కన పెట్టి పోయిండు.